పడమటి ద్వారం దగ్గర తగ్గిన లెక్క

మొదటి నడక రోజు సాయంత్రం నాలుగు గంటలకు గంటస్తంభం కింద ఉన్నవాళ్లు, ఉన్నవి ఇవి. సందర్శకులు ఇరవై నలుగురు, గైడు ఒకరు, వాలంటీరు ఒకరు, నేను. కొలతచక్రం ఒకటి, మనుషులను లెక్కపెట్టే టాలీ కౌంటర్లు రెండు, హాజరు రిజిస్టరు ఒకటి, చేతిమైకు ఒకటి, దానికి అదనపు బ్యాటరీలు నాలుగు, నీళ్ల సీసాలు ముప్పై, వాన రాదని తెలిసినా తెచ్చిన గొడుగులు ఆరు.

అది ఫిబ్రవరి మొదటి ఆదివారం. అంతకు రెండు నెలల ముందు, డిసెంబరు ఒకటో తేదీన, విశాఖపట్నంలోని ఒక చిన్న సంస్థ నన్ను రూట్ ఇంజనీరుగా విజయనగరం పంపింది. ఒకప్పుడు సంస్థానానికి రాజధాని అయిన ఆ ఊళ్లో సందర్శకులను నడిపించి రాజుల కాలపు కట్టడాలను చూపించే చిన్న పర్యటన ఒకటి తయారు చేయడం నాకు అప్పగించిన పని.

ఉద్యోగ జ్ఞాపకాలు సాధారణంగా అరవై దాటినవాళ్లు రాస్తారు. నేను ఆ ఉద్యోగం నుంచి ముప్పై ఒకటో ఏట దిగిపోయాను, మళ్లీ ఆ వృత్తిలోకి వెళ్లలేదు. ప్రస్తుతం సాలూరులో లారీలకు బాడీ కట్టే షెడ్డులో కొలతలు చూస్తున్నాను. నడక పర్యటనలు ఎలా తయారవుతాయని అక్కడ కూడా అప్పుడప్పుడు ఎవరో ఒకరు అడుగుతుంటారు. వాళ్లకు చెప్పే సంగతే ఇక్కడ రాస్తున్నాను.

నాది శ్రీకాకుళం దగ్గర వరి పండించే కుటుంబం. పాలిటెక్నిక్‌లో సివిల్ డిప్లొమా చేసి, కొన్నేళ్లు రోడ్డు సర్వేలో పనిచేశాను. రోడ్డు సర్వేకూ నడక పర్యటనకూ పెద్ద తేడా లేదని నన్ను తీసుకున్నప్పుడు మేనేజరు గారు అన్నారు. నేనూ అలాగే అనుకున్నాను. రెండింటిలోనూ మొదలు, చివర, మధ్యలో మలుపులు ఉంటాయి. ఆగే చోటును మేము మజిలీ అనేవాళ్లం. ఒక్కో మజిలీలో గైడు మాట్లాడటానికి ఇచ్చే సమయాన్ని నిలుపు అనేవాళ్లం. గైడు గుంపుకు ముందు నడుస్తారు. గుంపు చివర, ఎవరూ వెనకబడకుండా చూసుకుంటూ నడిచేవాణ్ణి తోక అనేవాళ్లం. అయిదు నడకల్లోనూ తోకను నేనే. మధ్యలో మానేసి వెళ్లిపోయేవాళ్ల సంఖ్య పేరు జారుడు. పర్యటన బాగుందా లేదా అనేది సంస్థ జారుడును బట్టే నిర్ణయిస్తుంది. బయలుదేరినవాళ్లలో ముప్పావు వంతు మంది చివరి మజిలీ చేరాలి. అంతకంటే తగ్గితే ఎందుకు తగ్గిందో ఒక ఫారంలో రాసి పంపాలి.

నేను గీసిన దారిలో ఆరు మజిలీలు ఉన్నాయి. మొదటిది ఎనిమిది పలకల గంటస్తంభం. రెండోది బజారు వీధిలో కోట మొదటిసారి కనబడే మలుపు. మూడోది కోట తూర్పు ద్వారం. రాజబంధువులు, అతిథులు వచ్చినప్పుడు దాని పైనుంచి నగారా మోగించేవారు కాబట్టి దాన్ని నగారాఖానా అంటారు. నాలుగోది దర్బారు జరిగిన మోతీ మహల్. అయిదోది కోట పడమటి ద్వారం. ఆరోది పూల్‌బాగ్ వైపున్న రాతి స్నానశాల. అది కూడా ఎనిమిది పలకలదే. పైన తొట్టి, ఆ తొట్టి దాకా మెలికలు తిరిగే మెట్లు, పక్కన బావి. సాంకేతికంగా అన్నిటికంటే ఆసక్తికరమైనది అదే కనుక చివర పెట్టాను. గంటస్తంభంతో మొదలై మరో ఎనిమిది పలకల కట్టడంతో ముగియడం కాగితం మీద అందంగా కనిపించింది. మొత్తం నూరు నిమిషాలు.

ఆ నూరు నిమిషాలు రావడానికి కారణం పడమటి ద్వారం. కోటలోకి తూర్పున వెళ్లి, అడ్డంగా నడిచి, పడమట బయటికి వస్తే స్నానశాల వైపు దారి తిన్నగా ఉంటుంది. వచ్చిన దారినే తిరిగి వెళ్లి, కోటగోడ చుట్టూ బయటినుంచి రావాలంటే నా కొలతచక్రం లెక్కన పద్నాలుగు నిమిషాలు ఎక్కువ. వృత్తిలో దీన్ని వెనక నడక అంటారు. వెనక నడక లేని దారిని మంచి దారి అంటారు. నాది మంచి దారి.

గైడు పేరు సుగుణ. వాళ్లది పాతపట్నం. అక్కడి బాప్టిస్టు చర్చిలో పాటల బృందానికి వాళ్ల నాన్నగారు హార్మోనియం వాయిస్తారు. ఆమె శ్రీకాకుళంలో ఒక ప్రైవేటు బడిలో సాంఘికశాస్త్రం చెప్పేవారు. మా ప్రకటన చూసి, పరీక్ష రాసి, బడికి రాజీనామా ఇచ్చి వచ్చారు. ఆమె స్థానంలో బడివాళ్లు అప్పటికే ఇంకొకరిని తీసుకున్నారు. ఉదయం ఆమెకు ఆరాధన ఉంటుంది కాబట్టి నడకలు ఆదివారం సాయంత్రాలకు పెట్టుకున్నాం. చెప్పవలసిన పాఠం నేను రాశాను. దాన్ని మాట్లాడే భాషలోకి ఆమె మార్చారు. కోటకు శంకుస్థాపన జరిగిన రోజులో విజయానికి గుర్తులు అయిదు ఉన్నాయని చెప్పే చోట నేను అయిదింటినీ వరసగా రాసిచ్చాను. ఆమె నాలుగు చెప్పి, అయిదోది సందర్శకులనే చెప్పమనేవారు. ఎవరో ఒకరు "విజయదశమి" అని అరిచేవారు. నిలుపు సమయం ఏనాడూ దాటలేదు.

మొదటి నడకలో ఇరవై నలుగురు బయలుదేరి పదిహేను మంది స్నానశాల చేరారు. జారిన తొమ్మిది మందీ ఒకే చోట, పడమటి ద్వారం దగ్గర, జారారు. ముందు నాలుగు మజిలీల్లో ఒక్కరు కూడా మానలేదు. రెండో ఆదివారం ఇరవై ఇద్దరిలో పద్నాలుగు మంది మిగిలారు. ఎనిమిది మంది పడమటి ద్వారం దగ్గరే ఆగిపోయారు.

ఎందుకు ఆగిపోతున్నారో ప్రతి ఒక్కరినీ అడిగి రిజిస్టరులో రాశాను. ఈ ప్రాంతపు మనుషులు మనసులో మాట దాచరని పేరు. రోడ్డు సర్వేలో అది నాకు అనుభవమే. వాళ్ల పొలంగట్టు మీద నేను జెండా పాతితే ఏమనేవాళ్లో ఇక్కడ రాయలేను. అందుచేత వాళ్లు చెప్పిన కారణాలను కారణాలుగానే తీసుకున్నాను. మోకాళ్ల నొప్పి అన్నవాళ్లకోసం మూడో నడకకు పడమటి ద్వారం దగ్గర ప్లాస్టిక్ స్టూళ్లు వేయించాను. షుగరు మాత్ర వేసుకోవాలన్నవాళ్లకోసం నీళ్లతోపాటు బిస్కట్లు పెట్టాను. మూడో ఆదివారం ఇరవై ఆరుగురు బయలుదేరారు. స్టూళ్ల మీద కూర్చున్నారు, బిస్కట్లు తిన్నారు, పది మంది వెళ్లిపోయారు. అన్నిటికంటే ఎక్కువ జారుడు ఆ రోజుదే.

మూడు నడకల్లో జారినవాళ్లు ఇరవై ఏడుగురు. వాళ్లు చెప్పిన కారణాలు: ఫోను వచ్చిందన్నవాళ్లు ఎనిమిది మంది, మోకాళ్లు అన్నవాళ్లు ఆరుగురు, ఇంటికి చుట్టాలు వచ్చారన్నవాళ్లు అయిదుగురు, మాత్ర వేసుకోవాలన్నవాళ్లు నలుగురు, ఏమీ చెప్పనివాళ్లు నలుగురు.

సోమవారం ఫారం నింపాను. అందులో కారణాలకు మూడే గడులు ఉండేవి. సందర్శకుడి సొంత కారణం, వాతావరణం, గైడు. కింద ఒక నియమం కూడా ఉంది. ఒకే మజిలీ దగ్గర అయిదో వంతు కంటే ఎక్కువ మంది జారితే దాన్ని సొంత కారణంగా లెక్కించకూడదు. ఇది సబబైన నియమమే. ఎనిమిది మందికి ఒకే చోట ఫోను రాదు. వాతావరణం మూడు వారాలూ బాగుంది. మిగిలిన గడి ఒకటే. ఇరవై ఏడు అంకెను ఆ గడిలో వేశాను. అయిదో మజిలీ దగ్గరికి వచ్చేసరికి గైడు గుంపును పట్టి ఉంచలేకపోతున్నారని కింద ఒక వాక్యం రాశాను. డెబ్బై రెండు మందిలో చివరిదాకా వచ్చినవాళ్లు నలభై అయిదుగురు. రావలసినవాళ్లు యాభై నలుగురు.

బుధవారం జవాబు వచ్చింది. నాలుగో నడక తర్వాత గైడు సేవలు అవసరం లేదు. అయిదో నడక నుంచి మజిలీకొక పలక పెట్టి, దాని మీది క్యూఆర్ గళ్ల గుర్తును సందర్శకులు ఫోనుతో స్కాన్ చేస్తే రికార్డు చేసిన గొంతు వినబడే ఏర్పాటు చేస్తారు. పలకలు ఎక్కడెక్కడ నిలబెట్టాలో నేను గుర్తించాలి. అదే కాగితంలో నాకు ఇంకో విషయం రాశారు. ఈ పని ముగియగానే బొబ్బిలి కోట దారి గీయడానికి నా కాంట్రాక్టును మరో ఏడాది పొడిగిస్తారు.

గురువారం ఆ ఉత్తరం సుగుణ గారికి ఇచ్చాను. ఆమె నిలబడే చదివారు. చదివి మడత పెట్టి, అడిగారు.

"పడమటి గుమ్మం కాడ నాకు ఎన్ని నిమిసాలిచ్చేరు సార్?"

ఆరు అన్నాను.

"నాను ఎన్ని మాట్లాడేను?"

రిజిస్టరు చూడనక్కరలేదు, నాకు గుర్తుంది. మూడు సార్లూ అయిదే.

"మరైతే ఏటి తగ్గించమంటారు?"

నియమం సంగతి చెప్పాను. ఆమె విని, సరే అన్నారు. ఆదివారం నాలుగింటికి వస్తానన్నారు. ఆ ప్రశ్న ముందు ఫారంలో నేను రాసిన వాక్యం నిలవదని నాకు అప్పుడే తెలిసింది. కానీ ఫారం పంపేశాను కాబట్టి ఆ పని అయిపోయినట్టే భావించాను. ఇది రాయకపోతే లెక్క పూర్తి కాదు కనుక రాస్తున్నాను.

నాలుగో ఆదివారం ఇరవై ఒక్కరు బయలుదేరారు. సుగుణ గారు మామూలుగానే చెప్పారు. నగారాఖానా కింద నిలబడి, పైన నగారా మోగుతుంటే కింద ఎవరెవరు వచ్చేవారో చెప్పినప్పుడు ముందు వరసలోని ఒక పెద్దావిడ తల పైకెత్తి, నిజంగా ఎవరో కొడుతున్నట్టు చూసింది. పడమటి ద్వారం దగ్గరికి వచ్చాం. రాజకుటుంబం సమాధుల వైపు వెళ్లే దారి ఇదేనని ఆమె చెప్పారు. అది నేను రాసిచ్చిన వాక్యమే. నిలుపు అయ్యాక పన్నెండు మంది ద్వారం దాటారు. తొమ్మిది మంది ఉండిపోయారు. ఎందుకని అడగలేదు, గడులు నిండిపోయాయి.

ద్వారం దాటాక నా చంకలో రిజిస్టరు లేదని చూసుకున్నాను. నగారాఖానా దగ్గర బల్ల మీద పెట్టి మరిచిపోయాను. మూడు నెలల్లో నేను ఏదైనా మరిచిపోవడం అదే మొదలు. తోక పని వాలంటీరుకు అప్పగించి, కోటలోంచి వెనక్కి నడిచాను.

నగారాఖానా బయట చెరకురసం బండి ఉంటుంది. దాని చుట్టూ తొమ్మిది మంది ఉన్నారు. తొమ్మిదీ నాకు తెలిసిన మొహాలే. పావుగంట క్రితం నా లెక్కలోంచి జారినవాళ్లు. ఎవరికీ ఇంటికి వెళ్లే తొందర ఉన్నట్టు లేదు. ఒకాయన రెండో గ్లాసు తాగుతున్నాడు. నగారా ఎటువైపు పెట్టి కొట్టేవారని వాదన నడుస్తోంది. తల పైకెత్తి చూసిన పెద్దావిడ నన్ను ముందుగా చూసింది. ఆమె పేరు అప్పలనరసమ్మ. ఆ పక్కనున్న భర్త పైడిరాజు. బియ్యం మార్కెట్లో కాటా దగ్గర నలభై ఏళ్లు పనిచేసినాయన. ఇద్దరూ రెండో నడకకు కూడా వచ్చారు. ఆమె అప్పుడు మోకాళ్ల లెక్కలో ఉంది.

మోకాలు ఎలా ఉందని అడిగాను.

"బాగానే ఉన్నాది బాబూ," అంది ఆమె. అందరూ నవ్వారు.

"దీని మోకాలికి గుమ్మం తెలుస్తాది," అన్నాడు పైడిరాజు. "తూరుపు గుమ్మం కాడ నొప్పెట్టదు. పడమటి గుమ్మం కాడే నొప్పెడతాది."

అప్పుడు నాకు తట్టిన మొదటి విషయం ఒక దూరం. పడమటి ద్వారం బయట ఆటోలు ఆగి ఉంటాయి. మోకాళ్లు నొప్పిగా ఉన్న మనిషి ద్వారం దాటి ఆటో ఎక్కాలి. మోకాళ్ల లెక్కలో ఉన్న ఆరుగురూ ఆటోల వైపు పోకుండా, కోట మొత్తం వెనక్కి నడిచి, ఇక్కడికి వచ్చి ఉండాలి. మానుకోవడం కోసం ఎక్కువ నడిచారన్నమాట.

ఎందుకు వెనక్కి వచ్చారని అడిగాను. బండివాడు చెరకు గడ తిప్పి మళ్లీ పెట్టాడు. పైడిరాజు గ్లాసు బండి మీద పెట్టి, గొంతు తగ్గించి చెప్పాడు.

"సుట్టాలొచ్చిన గుమ్మంలోంచి వొచ్చేం. ఎల్లిపోయినోలు ఎల్లిన గుమ్మంలోంచి ఎలా ఎల్తాం బాబూ? సచ్చినోల్ని పట్టుకెల్లిన దారది. నీ గైడు పిల్ల నోరారా సెప్తనే ఉన్నాది, అటేపు సమాదులని. అది ఇని, పెళ్లాం పక్కనెట్టుకుని, అందులోంచే నడిసెల్లిపొమ్మంటే?"

మొదటి వారమే నాతో ఎందుకు చెప్పలేదని అడిగాను.

"ఏటని సెప్తాం?" అంది అప్పలనరసమ్మ. "నలుగురూ సరదాగా ఊరు సూడ్డానికొచ్చినారు. అందరి మద్దిలో ఆ మాట ఎత్తుతామేటి? మోకాలంటే ఎవులికీ సెడుపు లేదు కదా."

తర్వాత ఆమె సుగుణ గారి గురించి చెప్పింది. ఆ పిల్ల చెబుతుంటే వినడానికే రెండోసారి వచ్చామని, చివరి రాతి స్నానశాల దగ్గర ఏం చెబుతుందో వినలేకపోయామని అంది. పక్కనున్న ఒక బడిపంతులు, ఆమెకు ఈ ఆదివారమే ఆఖరని వాలంటీరు ద్వారా విన్నానని, నిజమేనా అని అడిగాడు. నిజమే అన్నాను.

"ఆ పిల్ల తప్పేటుంది?" అన్నాడు పైడిరాజు. "దారి నువ్వు కదేటి గీసేవు."

రిజిస్టరు తీసుకుని వచ్చేశాను.

సోమవారం ఉదయం రిజిస్టరు ముందు పెట్టుకుని కూర్చున్నాను. పేరు, వయసు, ఊరు, జారిన చోటు, కారణం అని అయిదు నిలువు వరసలు. ఊరు అనే వరస మొదటి రోజు నుంచీ ఉంది. నేనే గీశాను. దాన్ని బట్టి ఒక్కసారి కూడా లెక్క వేయలేదు. ఇప్పుడు వేశాను. నాలుగు నడకల్లో బయలుదేరినవాళ్లు తొంభై ముగ్గురు. విజయనగరం, చుట్టుపక్కల ఊళ్లవాళ్లు నలభై ఒక్కరు. బయటి ఊళ్లవాళ్లు యాభై ఇద్దరు. జారిన ముప్పై ఆరుగురిలో ఇక్కడివాళ్లు ముప్పై అయిదుగురు. బయటివాళ్లు ఒక్కరు. ఆవిడ విశాఖపట్నం నుంచి వచ్చింది గానీ ఇక్కడున్న అక్కతో కలిసి వచ్చింది, అక్కతోపాటే ఆగిపోయింది. ఇక్కడివాళ్లలో చివరిదాకా వచ్చిన ఆరుగురూ పాతికేళ్ల లోపువాళ్లు.

ఇది నాకు తెలియని ఆచారమేమీ కాదు. మా ఊళ్లో కూడా శవం వెళ్లే దారిన పెళ్లి ఊరేగింపు నడవదు. మా తాతగారు పోయినప్పుడు ఏ గుమ్మంలోంచి తీసుకెళ్లారో, ఆ తర్వాత ఎన్నాళ్లు మా అమ్మ మమ్మల్ని ఆ గుమ్మం వాడనివ్వలేదో నాకు గుర్తుంది. కానీ డ్రాయింగులో గుమ్మం అంటే గోడలో ఖాళీ. లోపలికీ బయటికీ ఒకే గుర్తు. నేను డ్రాయింగు మాత్రమే చూశాను.

సుగుణ గారికి విషయం చెప్పాను. ఆమె నవ్వారు.

"అదా సార్. నాకూ తట్టలేదు. మాం ఈస్టరుకి తెల్లారగట్ల సమాదుల కాడికే ఎల్తాం, పువ్వులట్టుకుని, పాటలు పాడుకుంటా. సమాదుల దారంటే బయమేటని అనుకున్నాను. ఆ మాట కాడే గొంతు పెంచి సెప్పీదాన్ని కూడాను."

ఇక మిగిలింది ఫారం. దానికి సవరణ పంపవచ్చు, ఆ వీలు ఉంది. గైడు గడిలోని ఇరవై ఏడును కొట్టేసి, నాలుగో నడక తొమ్మిదిని కూడా కలిపి, మూడు గడుల కింద చేత్తో నాలుగో గడి గీశాను. దానికి దారి అని పేరు పెట్టి, ముప్పై ఆరు అని వేశాను. ఊరు వరస లెక్కను జత చేశాను. కింద నా హోదా, సంతకం.

మేనేజరు గారు మధ్యాహ్నానికే ఫోను చేశారు. ఆయన కోపంగా ఏమీ మాట్లాడలేదు. దారిని కొద్దిగా మార్చి, దాన్ని మెరుగుదల అని చూపిస్తే చాలునని, పాత కారణాన్ని తవ్వవలసిన అవసరం లేదని అన్నారు. అలా చేస్తే గైడు మీద రాసిన వాక్యం అలాగే ఉంటుంది కదా అని అడిగాను. ఉంటుంది, పలకల నిర్ణయం ఎలాగూ అయిపోయింది అన్నారు. తప్పు దారిలోనే ఉందని నేనే సంతకం పెట్టి ఇస్తే, అదే మనిషికి బొబ్బిలి దారి అప్పగించడానికి పైవాళ్ల ముందు తన దగ్గర కారణం ఉండదని కూడా చెప్పారు. ఆయన చెప్పినదాంట్లో అబద్ధం ఏమీ లేదు. సవరణ ఉంచమన్నాను. నిజాయితీ అనే పెద్ద మాట నాకు అప్పుడు గుర్తు రాలేదు. ముప్పై ఆరు అనే అంకె తప్పు గడిలో ఉండటం నాకు కుదరలేదు, అంతే. అయిదో నడకను కొత్త దారిలో, అదే గైడుతో పెట్టి చూడటానికి ఆయన ఒప్పుకున్నారు. తానే వచ్చి లెక్కిస్తానన్నారు.

కొత్త దారి విషయంలో పైడిరాజును అడగడానికి బియ్యం మార్కెట్టుకు వెళ్లాను. ఉద్యోగం మానేసినా ఆయన రోజూ పొద్దున్న కాటా దగ్గరే కూర్చుంటాడు. కోటలోకి తూర్పున వెళ్లి, తూర్పునే బయటికి వచ్చి, గోడ వెంట బయటినుంచి తిరిగి, పడమటి ద్వారాన్ని అవతలి నుంచి చూపిస్తే అభ్యంతరం ఉందా అని అడిగాను. చూడటానికి ఏమీ లేదు, దాటడానికే అన్నాడు. తర్వాత నా కాగితం తిప్పి చూసి, బయటికి వచ్చాక ఎటు తిప్పుతావని అడిగాడు. ఉత్తరం వైపు అన్నాను. అటు అయితే నాలుగు నిమిషాలు కలిసొస్తాయి.

"కోట ఎడం సేతికి ఒస్తాది కదా," అన్నాడు. "కుడి సేతికుండేలాగ తిప్పు బాబూ. గుడి సుట్టూ ఎటు తిరుగుతావో తెల్దేటి నీకు? ఈసారి మల్లా దాని మోకాలు నొప్పెడితే నన్నడక్కు."

దక్షిణం వైపు తిప్పాను. ఆ నాలుగు నిమిషాల జోలికి పోలేదు.

అయిదో నడక మార్చి మొదటి ఆదివారం జరిగింది. మేనేజరు గారు టాలీ కౌంటరు తన చేతిలోకి తీసుకున్నారు. పడమటి ద్వారం బయట, రోడ్డుకు ఇవతల నిలబడి సుగుణ గారు అదే వాక్యం చెప్పారు, ఈసారి గొంతు పెంచకుండా. అప్పలనరసమ్మ ద్వారం వైపు చూసి, చేతులు జోడించి, కొంగు సర్దుకుని నడిచింది. స్నానశాల దగ్గర పైకి నీళ్లు ఎలా ఎక్కించేవారని పైడిరాజు మూడు ప్రశ్నలు వేశాడు. రెండింటికి సుగుణ గారు జవాబు చెప్పారు. మూడోదానికి తెలియదని, కనుక్కుని వచ్చే ఆదివారం చెబుతానని అన్నారు. మేనేజరు గారు ఆ మాట విన్నారు. పలకలు రాలేదు. ఆ నడకను ఆమె ఇప్పటికీ నడిపిస్తున్నారు. నా కాంట్రాక్టు మార్చి ముప్పై ఒకటిన ముగిసింది. బొబ్బిలి దారి వేరొకరు గీశారు. ఫారంలో నాలుగో గడిని తర్వాత అచ్చు వేయించారని విన్నాను.

ఆ పనిలో నేర్చుకున్నవి రెండు. రిజిస్టరులో ఒక వరస గీసి, దాన్ని బట్టి లెక్క వేయకపోతే ఆ వరస లేనట్టే. రెండోది, గుమ్మానికి వెడల్పు, ఎత్తులతోపాటు దిశ కూడా ఉంటుంది. లారీ బాడీకి తలుపు కొలిచేటప్పుడు ఎవరు ఎటునుంచి ఎక్కుతారో ఇప్పుడు ముందుగా అడుగుతున్నాను.

అయిదో నడక రిజిస్టరు పేజీ నకలు నా దగ్గర ఉంది. పట్టిన సమయం నూట పద్దెనిమిది నిమిషాలు. బయలుదేరినవారు ఇరవై ఆరు. చేరినవారు ఇరవై ఆరు.